భార్యాభర్తల కేసు వేరే ఊరి కోర్టుకు మార్పించుకోవడం ఎలా? (ఫోన్-ఇన్ కార్యక్రమం)

వ్యాఖ్యాత: శ్రోతలకు నమస్కారం. కుటుంబ న్యాయస్థానాల్లోని కేసుల బదిలీపై మీ సందేహాలకు న్యాయవాది గారు జవాబులిస్తారు. మొదటి ఫోను విజయవాడ నుంచి. చెప్పండమ్మా.

విజయవాడ శ్రోత: నమస్కారం మేడమ్. మావారు హైదరాబాద్‌లో విడాకుల కేసు వేశారు. నేను ఇక్కడ పుట్టింట్లో ఉన్నాను. బాబుకు మూడేళ్లు. వాడికి ఆయాసం, రాత్రి ప్రయాణాలు పడవు. నాన్నగారికి చూపు సరిగా ఆనదు. పోయిన వాయిదాకు అన్నయ్య సెలవు పెట్టి తోడు వచ్చాడు. తీరా వెళితే ఆ రోజు జడ్జిగారు సెలవు. తిరుగు ప్రయాణంలో బాబుకు మళ్లీ...

న్యాయవాది: అమ్మా, ఒక్క నిమిషం. తర్వాతి వాయిదా ఎప్పుడు?

శ్రోత: ఇరవై రోజులుంది అనుకుంటాను. ఇక్కడి కోర్టులోనే ఒక అర్జీ పెడితే కేసు వచ్చేస్తుందని పక్కింటివాళ్లు అంటున్నారు.

న్యాయవాది: రాదమ్మా. రెండు కోర్టులూ ఒకే హైకోర్టు కింద ఉంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 24వ సెక్షన్ కింద ఆ హైకోర్టును అడగవచ్చు. 2019 జనవరి 1 నుంచి రెండు రాష్ట్రాలకూ హైకోర్టులు వేరు. మీ కేసు రాష్ట్రం దాటాలి కాబట్టి 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టులోనే ట్రాన్స్‌ఫర్ పిటిషన్ వేయాలి.

శ్రోత: హైదరాబాదే వెళ్లలేకపోతున్నాను, ఢిల్లీ ఎలా వెళ్లను మేడమ్?

న్యాయవాది: మీరు వెళ్లనవసరం లేదు, భయపడకండి. న్యాయవాదికి అధికారమిచ్చే వకాలతు కాగితం మీద సంతకం చేసి, అఫిడవిట్, అంటే ప్రమాణపత్రం, ఇక్కడే నోటరీ చేయించి పంపవచ్చు. ఆడవాళ్లకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది. జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లండి, లేదా 15100కు ఫోను చేయండి. బాబు ఆసుపత్రి చీటీలు, నాన్నగారి కంటి రిపోర్టు జతచేయండి. మీకు సంపాదన లేకపోతే అదీ రాయండి. ఇలాంటి కేసుల్లో సాధారణంగా భార్య సౌకర్యం చూడాలని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని ఆడవారు అడగగానే ఇచ్చేయరు, కాగితాలు మాట్లాడాలి. ఇంకో సంగతి, పిటిషన్ వేసినంత మాత్రాన హైదరాబాద్‌లో కేసు ఆగదు. స్టే, అంటే విచారణ ఆపమనే ఉత్తర్వు, ఇస్తేనే ఆగుతుంది.

శ్రోత: అయితే పిటిషన్ వేశాక ఈ వాయిదాకు వెళ్లకపోయినా ఫరవాలేదు కదా మేడమ్?

న్యాయవాది: ఇప్పుడే చెప్పాను కదమ్మా! వెళ్లకపోతే మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేయవచ్చు, అంటే మీరు లేకుండానే విచారించి విడాకుల డిక్రీ ఇచ్చేయవచ్చు. దాన్ని రద్దు చేయించడానికి మళ్లీ ముప్పై రోజుల గడువు, మళ్లీ తిరుగుడు. కోర్టు అనుమతితో అక్కడ ఒక న్యాయవాదిని పెట్టుకోండి. పిటిషన్ నకలు చూపించి వాయిదా అడిగిస్తారు. రాకపోకల ఖర్చు, కోర్టు ఖర్చు భర్తే ఇవ్వాలని హిందూ వివాహ చట్టం 24వ సెక్షన్ కింద అక్కడే అడగవచ్చు. చాలామంది ఈ మాట అడగరు. అడగండమ్మా.

వ్యాఖ్యాత: ధన్యవాదాలమ్మా. వరంగల్ నుంచి.

వరంగల్ శ్రోత: మా ఆవిడ విశాఖలో విడాకుల కేసు వేసింది. మగవాళ్లు బదిలీ అడగకూడదా? వీడియోలో హాజరు కావచ్చా?

న్యాయవాది: అడగవచ్చు బాబూ, చట్టం ఇద్దరిదీ. మీ ఇబ్బంది ఆమె ఇబ్బందికంటే పెద్దదని చూపించాలి, అదే కష్టం. రాజీ ప్రయత్నం ఫలించకపోతే, ఇద్దరూ కలిసి కోరితే వీడియో గురించి కుటుంబ కోర్టు ఆలోచించవచ్చని 2017లో సుప్రీంకోర్టు అంది. ఈలోగా వాయిదా మానకండి.

శ్రోత: మనోవర్తి కేసు కూడా...

వ్యాఖ్యాత: సమయం తక్కువగా ఉందండి. కర్నూలు నుంచి.

కర్నూలు శ్రోత: మా అమ్మాయి మీద అల్లుడు విశాఖలో కేసు వేశాడు. మేము కూడా ఢిల్లీ వెళ్లాలా?

న్యాయవాది: అక్కర్లేదండీ. రెండూ ఆంధ్రప్రదేశ్‌లోనే కాబట్టి అమరావతి హైకోర్టులో వేయండి. అమ్మాయి మాత్రం వాయిదా...

వ్యాఖ్యాత: లైను కట్ అయింది. విజయవాడ సోదరి మళ్లీ లైనులో ఉన్నారు.

విజయవాడ శ్రోత: మేడమ్, సమన్ల కాగితం తీసి చూశాను. ఇరవై రోజులు కాదు, తొమ్మిదే ఉంది.

న్యాయవాది: మంచి పని చేశారు. అయితే పిటిషన్ సంగతి తర్వాత చూద్దాం. రేపు పొద్దున్నే ఆ కాగితం, బాబు చీటీలు తీసుకుని న్యాయసేవాధికార సంస్థకు వెళ్లండి. ముందు ఆ వాయిదాకు హైదరాబాద్‌లో మీ తరఫున ఒకరు నిలబడేలా చూడమని అడగండి.

శ్రోత: బాబును కూడా తీసుకెళ్లాలా?

న్యాయవాది: వద్దమ్మా, అమ్మ దగ్గర ఉంచి వెళ్లండి.