మీ జన్మనక్షత్రాన్ని ఎప్పుడన్నా చూశారా? తిరుపతి ఆకాశంలో చుక్కల పేర్లు

నమస్కారం అండీ. గుడిలో అర్చనకు నిలబడితే అయ్యవారు రెండే అడుగుతారు. గోత్రం? నక్షత్రం? మనవాళ్లు ఎవ్వరూ తడుముకోరు. అత్తగారిది అనూరాధ, పెద్దోడిది రోహిణి, చిన్నదానిది చిత్త అని టకటకా చెప్పేస్తారు. సరేనమ్మా, ఆ చిత్త ఎక్కడుందో వేలు పెట్టి చూపించు అన్నామనుకోండి, "పంచాంగంలో ఉంటుంది సార్" అంటారు. పంచాంగంలో ఉండేది పేరండీ. చుక్క పైన ఉండాది.

ఈ వీడియోలో జాతకాలు లేవు, ముందే చెప్తున్నా. అందుకు వేరే చానెళ్లు బోలెడు ఉన్నాయి. ఏ పేరు ఏ చుక్కది, ఆ పేరు ఎవరిది, మన తిరుపతిలో నిలబడితే అది ఎటుపక్క కనిపిస్తుంది, ఇవాళ అదే సంగతి.

ముందు ఒక చిన్న లెక్క. చంద్రుడు ఒక చుక్క దగ్గర బయల్దేరి, ఆకాశం చుట్టి, మళ్లీ అదే చుక్క దగ్గరికి రావడానికి 27 రోజుల ఏడున్నర గంటల పైచిలుకు పడుతుంది. రోజుకో మజిలీ అనుకుని, ఆ దారి పొడుగునా ఉన్న చుక్కలకు మనవాళ్లు 27 పేర్లు పెట్టుకున్నారు. మీరు పుట్టిన పూట చంద్రుడు ఏ మజిలీలో ఉన్నాడో అదే మీ నక్షత్రం. తెలుగు నెలల పేర్లూ అక్కణ్నుంచి వచ్చినవే. పున్నమి చంద్రుడు చిత్త దగ్గర ఉంటే చైత్రం, కృత్తికల దగ్గర ఉంటే కార్తీకం. నమ్మకం కుదరకపోతే ఈసారి కార్తీక పున్నమికి కపిలతీర్థంలో దీపం పెట్టి బయటికొచ్చాక చంద్రుడి చుట్టుపక్కల వెతకండి. వెన్నెల్లో కాస్త కష్టమే గానీ, చిన్న చిన్న చుక్కలు ఆరేడు ఒకే చోట ముద్దగా కనిపిస్తాయి. అవే కృత్తికలు. పల్లెల్లో పెద్దోళ్లు దాన్ని పిల్లలకోడి అంటారు. ఒక తల్లికోడి, చుట్టూ పిల్లలు. నన్నడిగితే కృత్తికలు అనే పేరుకన్నా ఇదే బాగుంది.

ఇప్పుడు ఊరి దేవుడి నక్షత్రానికి వద్దాం. వెంకటేశ్వర స్వామిది శ్రవణం. బ్రహ్మోత్సవాల ఆఖరి రోజు పుష్కరిణిలో చక్రస్నానం జరిగేది శ్రవణా నక్షత్రం నాడే. ఇంతకీ ఆ శ్రవణం ఏది? వరసగా మూడు చుక్కలు, నడిమిది బాగా పెద్దది, అటూ ఇటూ రెండు చిన్నవి. ఇలా మూడు చుక్కలు వరసగా కనిపిస్తే మన పల్లెల్లో గొల్లకావడి అనేవాళ్లూ ఉన్నారు. శాస్త్రాల్లోనేమో శ్రవణానికి అధిదేవత విష్ణువు, ఆ మూడూ త్రివిక్రముడి మూడు అడుగులు. కొండమీద తెల్లవారుజామున తలుపులు తెరిచినప్పుడు తొలి దర్శనం సన్నిధి గొల్లదే కాబట్టి, కావడి అన్నా అడుగులు అన్నా స్వామికి అభ్యంతరం ఉండదని నా ఉద్దేశం.

ఆ నడిమి పెద్ద చుక్కను ప్రపంచమంతా ఆల్టెయిర్ అంటారు. అరబ్బీ పేరు అది, ఎగిరే గద్ద అని. ఆ చుక్క ఉన్న రాశి పేరు అక్విలా, అదీ గద్దే. రాశి అంటే ఇక్కడ జాతకాల రాశి కాదండీ, చుక్కల గుంపు. గ్రీకులు గద్ద అన్నారు, వాళ్లకన్నా ముందు బాబిలోన్ వాళ్లూ గద్దే అన్నారు. అంటే శ్రవణం ఉన్నది గద్ద మీద. ఇంకా వినండి. ఆల్టెయిర్ మన తిరుపతికి దాదాపు నడినెత్తి మీదుగా పోతుంది. సెప్టెంబరు ఆఖరులో రాత్రి ఎనిమిదింటికి తల పూర్తిగా వెనక్కి వాల్చి చూస్తే అక్కడుంటుంది. బ్రహ్మోత్సవాలు వచ్చేది సెప్టెంబరు, అక్టోబరుల్లో. ఐదో రోజు రాత్రి గరుడసేవ. కింద మాడవీధుల్లో మలయప్ప స్వామి గరుడవాహనం మీద వస్తుంటే, మబ్బు పట్టకపోతే, సరిగ్గా ఆ పైన గద్ద, ఆ గద్ద మీద స్వామివారి నక్షత్రం. వీధుల్లో అన్ని లైట్లున్నా కనిపిస్తుంది, అంత వెలుగున్న చుక్క అది. మొబైల్ కిందికి దించి ఒక్కసారి పైకి చూడండి. ఉత్తరం పక్కగా ఇంకో రెండు పెద్ద చుక్కలుంటాయి. ఎక్కువ వెలుగున్నది అభిజిత్తు, ఇంగ్లీషువాళ్ల వేగా. రెండోది డెనెబ్, అది హంస తోక. అవును, పక్షిరాశుల్లో హంస కూడా ఉంది, రెండో రోజు రాత్రి హంసవాహనం లాగే. ఈ రెండు పక్షులూ ఎగిరేది పాలపుంత మీద. పాలపుంతకు మన ఇంకో పేరేంటి? ఆకాశగంగ. కొండమీద స్వామి అభిషేకానికి నీళ్లు తెచ్చే తీర్థం పేరేంటి?

ఆగండాగండి. ఇది కట్ చేసి "మన పూర్వీకులకు అంతా తెలుసు, నాసా కూడా ఒప్పుకుంది" అని వాట్సాప్‌లో తిప్పొద్దు, మీకు పుణ్యముంటుంది. గద్ద అన్నది గ్రీకులూ బాబిలోన్ వాళ్లూ అరబ్బులూ. మూడడుగులు అన్నది మనం. ఎవరి దారిన వాళ్లు పేర్లు పెట్టుకున్నారు, తిరుమల మీద వచ్చి కలిశాయి. కలిసినందుకు సంతోషపడితే చాలు, రుజువులు వెతకనక్కర్లేదు.

సరే, ఉత్తరానికి తిరగండి. తిరుపతిలో ఉత్తరం అంటే కొండ. దిక్సూచితో పనే లేదు. ధ్రువ నక్షత్రం ఎంత ఎత్తులో ఉంటుంది అంటే, మీరున్న ఊరి అక్షాంశం ఎంతో అంతే. మనది పదమూడున్నర డిగ్రీల పైచిలుకు. చెయ్యి బారుగా చాపి పిడికిలి బిగిస్తే ఆ పిడికిలి వెడల్పు దాదాపు 10 డిగ్రీలు. అంటే నేలకూ ఆకాశానికీ కలిసే గీత నుంచి పిడికిలీ, ఇంకో మూడోవంతు పిడికిలీ. ఇక్కడే ఉంది తమాషా. తిరుచానూరు దాటి పొలాల్లో నిలబడితే ధ్రువుడు కొండ అంచుకు పైన కనిపిస్తాడు. అలిపిరి దాకా పోయి కొండ పాదం దగ్గర నిలబడ్డారా, శేషాచలం అడ్డం. ఢిల్లీ వాళ్లకు ఈ బాధ లేదు, వాళ్లకు మనకన్నా రెట్టింపు ఎత్తులో ఉంటాడు.

ధ్రువుడి కన్నా సప్తర్షుల్ని చూడటం సులువు. ఏప్రిల్, మే నెలల్లో రాత్రి తొమ్మిదింటికి కొండకు బాగా పైన ఉంటారు. నాలుగు చుక్కల పెట్టె, దానికి మూడు చుక్కల తోక. పెట్టెలో క్రతువు, పులహుడు, పులస్త్యుడు, అత్రి. తోకలో అంగిరసుడు, వసిష్ఠుడు, మరీచి. ఇవి పండితులు చెప్పిన పేర్లు. ఆరుబయట మంచాలేసుకుని పడుకునే రోజుల్లో అవ్వలు చెప్పింది వేరు. ఆ నాలుగూ పేదరాశి పెద్దమ్మ మంచం కోళ్లు, వెనకాల మూడూ మంచం ఎత్తుకుపోవడానికొచ్చిన దొంగలు. "వాళ్లు ఇంతవరకూ ఎత్తుకుపోలేదేమవ్వా?" అంటే, "పెద్దమ్మ నిద్రపోతే గదరా!" అనేవాళ్లు. ఇప్పుడు అరబ్బుల దగ్గరికి పోండి. వాళ్లు ఆ నాలుగు చుక్కల్ని చూసి పాడె అన్నారు. వెనకాల మూడూ, పాడె వెంట ఏడుస్తూ నడిచే కూతుళ్లు. మరీచికి ఇవాళ్టికీ ప్రపంచం వాడే పేరు అల్కాయిద్, ఆ కూతుళ్లలో ముందు నడిచేది అని. నాలుగు కోళ్లూ అవే. ఒకచోట మంచమైంది, ఒకచోట పాడె అయింది. గ్రీకులకేమో అది ఎలుగుబంటి. ఎంత చూసినా నాకు మాత్రం ఎలుగుబంటి కనిపించదు. ఎలుగుబంటికి అంత పొడుగు తోకేంటండీ?

తోకలో నడిమి చుక్క వసిష్ఠుడని చెప్పా కదా. కళ్లు బాగున్నవాళ్లు అక్కడ కొంచెం నిలిపి చూస్తే పక్కనే ఆనుకుని ఒక సన్నటి చుక్క. అదీ అరుంధతి. ముందు పెద్ద చుక్కను చూపించి, చూపు అక్కడ కుదురుకున్నాక దాని పక్కనున్న చిన్నదాన్ని చూపించాలి. ఏ సూక్ష్మమైన విషయమైనా అలాగే చెప్పాలన్నదే అరుంధతీ దర్శన న్యాయం. మరి పెళ్లిలో ఏం జరుగుతుంది? పొద్దున పదిన్నర ముహూర్తం, ఎండ దంచుతుంటుంది, కల్యాణమండపం గుమ్మం దగ్గరికి తీసుకొచ్చి అయ్యవారు వేలు చూపిస్తారు. "కనిపించిందా నాయనా?" "కనిపించింది స్వామీ." అబద్ధంతో మొదలవుతుంది సంసారం! కార్తీకమాసం పెళ్లయితే సాయంత్రం చీకటి పడ్డాక చూసినా ఉండదు, సప్తర్షులు అప్పటికే అస్తమించేసి ఉంటారు. కొత్తగా పెళ్లయినవాళ్లు వేసవి దాకా ఆగి, మేడ మీదికెక్కి నిజంగా చూడండి.

ఇప్పుడు దక్షిణం. తిరుపతి వాళ్లకు గర్వం ఉండాల్సింది ఈ పక్కనే. జనవరి, ఫిబ్రవరుల్లో రాత్రి తొమ్మిది, పది మధ్య దక్షిణాన రెండు పిడికిళ్ల పైన ఒక పెద్ద తెల్ల చుక్క ఒంటరిగా వెలుగుతుంటుంది. రాత్రి ఆకాశంలో లుబ్ధకం, అంటే సిరియస్, తర్వాత అంత వెలుగున్న చుక్క ఇదే. పేరు అగస్త్యుడు. గ్రీకులు కనోపస్ అన్నారు గానీ, ఏథెన్సులో నిలబడితే అది కనిపించదు. అంత ఉత్తరాన దిగంతం దాటి పైకి రాదు. మనకేమో స్వర్ణముఖిని తెచ్చినవాడే అగస్త్యుడని స్థలపురాణం. చంద్రగిరి దగ్గర తొండవాడలో ఏటి ఒడ్డున అగస్త్యేశ్వరాలయం ఉంది కదా, చలికాలం రాత్రి అక్కడ ఏటిగట్టున దక్షిణానికి తిరిగి చూస్తే ఆయన ఊళ్లోనే ఆయన్ను చూసినట్టు. అన్నట్టు, అగస్త్యుడు ఉదయిస్తే వానలు తగ్గి నీళ్లు తేటపడతాయని సంస్కృత కవులు రాశారు. అది ఉత్తరాది లెక్క. మన జిల్లాకు అసలు వాన ఈశాన్య రుతుపవనాలతో ఆ తర్వాతే వస్తుంది. 2021 నవంబరులో స్వర్ణముఖి వరద చూసినవాళ్లకు ఆ శ్లోకాలు చదివి వినిపించకండి.

అగస్త్యుడి కన్నా ఇంకా కిందికి త్రిశంకు. విశ్వామిత్రుడు స్వర్గానికి పంపితే ఇంద్రుడు తోసేశాడు, మధ్యలో తలకిందులుగా ఆగిపోయాడు, ఆ త్రిశంకే. ఆస్ట్రేలియా జెండా మీద ఉండే శిలువ ఆకారం చుక్కలు ఇవే. మే నెల నడిమిలో రాత్రి తొమ్మిదింటికి దక్షిణాన చూడండి. శిలువ అడుగు చుక్క మనకు 13 డిగ్రీల ఎత్తు దాకా వస్తుంది. గమనించారా, అటు ధ్రువుడు ఎంత ఎత్తో ఇటు త్రిశంకు దాదాపు అంతే ఎత్తు. చెరో పిడికిలీ చిల్లర. ఇలా రెండు పక్కలా చూడగలగడం దక్షిణాది వాళ్ల అదృష్టం. చిత్తూరు దాటి తమిళనాడులోకి పోతే జవ్వాది కొండల్లో కావలూరు అబ్జర్వేటరీ ఉంది. హైదరాబాదులో పెరిగిన ఖగోళ శాస్త్రవేత్త వేణు బప్పు ఆ చోటు ఎంచుకున్న కారణాల్లో దక్షిణపు ఆకాశం బాగా అందడం ఒకటి. 1986లో అక్కడ మొదలైన 93 అంగుళాల పెద్ద టెలిస్కోపుకు ఆయన పేరే పెట్టారు.

ఎర్ర చుక్కలు రెండు త్వరగా చెప్పేస్తా. జ్యేష్ఠ, వేసవి రాత్రుల్లో దక్షిణం పక్క. ఆరుద్ర, చలికాలం రాత్రుల్లో. ఆరుద్రకు అధిదేవత రుద్రుడు, కాబట్టి కాళహస్తి వాళ్ల చుక్క అనుకోండి. రోహిణి కార్తెలో రోళ్లు పగిలాక, మృగశిర దాటి ఆరుద్ర కార్తె వస్తుంది, వాన పడితే చేలల్లో ఎర్రటి ఆరుద్ర పురుగులు కనిపిస్తాయి. ఆ కార్తెలో మాత్రం చుక్క కనిపించదు. కార్తె అంటేనే సూర్యుడు ఆ నక్షత్రంలో ఉండటం, ఆ వెలుగులో అది ఎక్కడ కనిపిస్తుంది? ఇంగ్లీషు పేరు బీటెల్‌జ్యూస్. 2019 చివర్లో, 2020 మొదట్లో ఇది బాగా మసకబారితే పేలిపోతుందేమోనని లోకమంతా చూసింది, పేలలేదు. ఆ పేరు వెనక ఒక పొరపాటుంది. అరబ్బీలో "యద్" అంటే చెయ్యి. లాటిన్‌లోకి మార్చేటప్పుడు "య"ను "బ"గా చదివేశారు. ఆ రెండు అక్షరాలకూ తేడా కింద పెట్టే ఒక చుక్కే. చుక్క తేడాతో చుక్క పేరు మారిపోయింది!

మరి ఇప్పుడు పేర్లు ఖరారు చేసేదెవరు? అంతర్జాతీయ ఖగోళ సంఘం. 1922లో రాశుల సంఖ్య 88 అని తేల్చింది. ఒక్కో చుక్కకు ఒకే అధికారిక పేరుండాలని 2016లో కమిటీ వేసింది. ఆ జాబితాలో అరబ్బీ పేర్లదే రాజ్యం. మన శ్రవణం, స్వాతి, రోహిణి అందులో లేవు, ఆ చుక్కలకు వేరే పేర్లు ఎప్పుడో స్థిరపడిపోయాయి. అయితే పేరు లేకుండా మిగిలిన చుక్కలకు మన పేర్లు కొన్ని తీసుకున్నారు. భరణి ఉంది, ఆశ్లేష ఉంది, రేవతి ఉంది.

రేవతి వాళ్లు సంతోషపడకముందే ఒక మాట. మీ చుక్క చాలా మసక. తిరుపతి టౌన్ లైట్లలో కనిపించే ఆశే లేదు. డిసెంబరులో అమావాస్య చూసుకుని హార్స్‌లీ హిల్స్, అదే మన ఏనుగు మల్లమ్మ కొండ, అటు వెళ్లండి. అక్కడా చీకటికి కళ్లు అలవాటుపడేదాకా ఇరవై నిమిషాలు మొబైల్ జేబులోనే ఉండాలి. పాత సిద్ధాంత గ్రంథాల్లో రాశిచక్రం లెక్క మొదలయ్యేది ఆ మసక చుక్క దగ్గరే. మీ నక్షత్రమేదో కింద రాయండి, అది ఏ నెలలో, ఎన్ని గంటలకు, ఎటుపక్క చూడాలో జవాబిస్తా. శతభిషం వాళ్లూ స్వెట్టర్లు తెచ్చుకోండి, మీదీ కొండమీద చూడాల్సిన చుక్కే.