గుండెలో కరెంటు ఎక్కడ ఆగుతుంది?

నమస్కారమండీ. ముందు ఒక చిన్న పని చేయండి. కుడిచేతి రెండు వేళ్లు ఎడమ మణికట్టు మీద, బొటనవేలి వైపు ఆనించండి. నాడి దొరికిందా? ఇప్పుడు నెమ్మదిగా, లోతుగా ఊపిరి పీల్చండి. వదలండి. ఇంకోసారి. పీల్చేటప్పుడు నాడి కాస్త తొందరపడుతుంది, వదిలేటప్పుడు కాస్త నిదానిస్తుంది. వయసులో ఉన్నవాళ్లకు ఈ తేడా బాగా తెలుస్తుంది. ఇది జబ్బు కాదు, టెన్షన్ పడకండి. ఎందుకో కాసేపట్లో చెప్తాను.

ఫిజియాలజీ ల్యాబ్‌లో మొదటిసారి కప్ప గుండెను చూసిన రోజు నాకు బాగా గుర్తు. శరీరం నుంచి వేరుచేసి, ఉప్పు ద్రావణంలో ఉంచారు. బఠాణీ గింజంత గుండె. దానికి మెదడుతో సంబంధం లేదు, ఒక్క నరం కూడా కలిసి లేదు. అయినా కొట్టుకుంటూనే ఉంది. మరి ఎవరు చెప్తే కొట్టుకుంటోంది?

తనకు తానే చెప్పుకుంటోంది. మన గుండెలో కుడి కర్ణిక, అంటే కుడివైపు పైగది, పైభాగాన, ఒంటి పైభాగం నుంచి రక్తం తెచ్చే ఊర్ధ్వ బృహత్సిర అనే పెద్ద సిర వచ్చి కలిసే చోట, ఎస్‌ఏ నోడ్ అనే చిన్న కణాల గుంపు ఉంటుంది. పాఠ్యపుస్తకాల్లో లయారంభకం అంటారే, అదే. మామూలు గుండె కండర కణం ఎవరైనా తట్టేదాకా కదలదు. ఈ కణాలు అలా ఊరుకోలేవు. ఒక దెబ్బ అయిపోగానే వీటిలోకి సోడియం సన్నగా ఊరడం మొదలవుతుంది. లోపలి వోల్టేజి మైనస్ 60 మిల్లీవోల్టుల దగ్గర్నుంచి మెల్లగా పైకి పాకి, దాదాపు మైనస్ 40 చేరగానే కాల్షియం ద్వారాలు తెరుచుకుంటాయి. సిగ్నల్ పుడుతుంది. వెంటనే మళ్లీ మొదటికి.

దాని మానాన వదిలేస్తే ఈ నోడ్ నిమిషానికి సుమారు 100 సార్లు కొడుతుంది. విశ్రాంతిగా ఉన్నప్పుడు మన నాడి 70 దగ్గర ఉంటుందంటే, మెదడు నుంచి గుండెకు వచ్చే వేగస్ నరం దానికి బ్రేకు వేసి పట్టుకున్నందువల్లే. ఊపిరి పీల్చినప్పుడు ఆ బ్రేకు కాస్త సడలుతుంది. ఇందాక మీ వేలికి తగిలిన తేడా అదే.

పుట్టిన సిగ్నల్ రెండు కర్ణికల మీద పరుచుకుంటుంది, అవి ముడుచుకుంటాయి. అక్కడి నుంచి కింది గదులకు, అంటే జఠరికలకు, నేరుగా దిగిపోవచ్చు కదా? వీల్లేదు. మధ్యలో కరెంటు పోనివ్వని పీచు కణజాలం గట్టులా అడ్డంగా ఉంది. ఆ గట్టుకు ఉన్న దారి ఒక్కటే, ఏవీ నోడ్. ఈ పాఠం మొత్తంలో నాకు బాగా ఇష్టమైన చోటు ఇదే.

గోదావరి కాలువల మీద లాకులు చూశారా? పడవ లాకులోకి వచ్చి, రెండు పక్కలా నీటిమట్టం సమానమయ్యేదాకా ఆగుతుంది. ఏవీ నోడ్‌లో సిగ్నల్ కూడా అలాగే నెమ్మదిస్తుంది. ఇక్కడ దాని వేగం సెకనుకు 5 సెంటీమీటర్లే. సుమారు సెకనులో పదోవంతు ఆలస్యం. ఈలోగా కర్ణికలు తమలో మిగిలిన రక్తాన్ని కిందికి నెట్టేస్తాయి. ఈ ఆగడమే లేకపోతే పైగదులూ కిందిగదులూ ఒకేసారి ముడుచుకుని, జఠరికలు సరిగా నిండకుండానే పిండుకునేవి.

ఈ నోడ్‌ను 1906లో వివరంగా చూపించింది సునావో తవారా. జపాన్ నుంచి జర్మనీలోని మార్బుర్గ్‌కు వెళ్లి పనిచేసిన వైద్యుడు. మరుసటి ఏడాది కీత్, ఫ్లాక్ అనే ఇద్దరు పరిశోధకులు ఎస్‌ఏ నోడ్ గురించి ప్రకటించారు. మన క్లాసుల్లో పొడి అక్షరాలే మిగిలాయి, తవారా పేరు వినపడదు. పిల్లలకు చెప్పాలండీ ఆ పేరు.

నోడ్ దాటాక ఇక పరుగే. హిస్ కట్ట, దాని కుడి ఎడమ శాఖలు, వాటి చివర పర్కింజీ తంతువులు, ఇవన్నీ కరెంటును మోసే దారులు. సెకనుకు 2 నుంచి 4 మీటర్లు. రెండు జఠరికలూ దాదాపు ఒకేసారి ముడుచుకుంటాయి.

ఇదిగో, గుండెలోని కరెంటును గీతగా చూపే ఈ ఈసీజీ కాగితం దగ్గరగా చూపిస్తాను. చిన్న గడి ఒక్కోటి 0.04 సెకను. ఈ చిన్న గుట్ట పి వేవ్, కర్ణికలది. ఈ నిటారు శిఖరం జఠరికలది. గుట్ట మొదలైన చోటు నుంచి శిఖరం మొదలయ్యే చోటు వరకు గడులు లెక్కపెట్టండి. ఒకటి, రెండు, మూడు, నాలుగు. అంటే 0.16 సెకను. మూడు నుంచి ఐదు గడులైతే మామూలే. గుట్ట దిగాక ఈ చదును గీత ఉంది చూశారా, సిగ్నల్ లాకులో ఉన్న సమయం చాలావరకు ఇదే.

ఆ దారి పూర్తిగా మూసుకుపోతే కంప్లీట్ హార్ట్ బ్లాక్ అంటారు. పైన ఎస్‌ఏ నోడ్ కొడుతూనే ఉంటుంది, కబురు మాత్రం కిందికి చేరదు. జఠరికలు సొంతంగా, ఒక్కోసారి నిమిషానికి 30 సార్లే కొట్టుకుంటాయి. మనిషి ఉన్నట్టుండి కళ్లు తిరిగి పడిపోతాడు. మీ ఇంట్లో పెద్దవాళ్లు అలా పడిపోతే నీరసం అనుకుని వదిలేయకండి, ఆలస్యం చేయకుండా ఆసుపత్రికి తీసుకెళ్లి ఈసీజీ తీయించండి.

ఇలాంటి బ్లాక్‌తో పదే పదే పడిపోతున్న ఆర్నే లార్సన్ అనే రోగికి 1958లో స్టాక్‌హోమ్‌లో తొలిసారి శరీరం లోపల పేస్‌మేకర్, అంటే గుండెను కరెంటుతో కొట్టించే చిన్న యంత్రం, అమర్చారు. మొదటిది కొన్ని గంటలకే ఆగిపోయింది. మార్చారు, మళ్లీ మళ్లీ మార్చారు. ఆయన 2001 దాకా, 86 ఏళ్లు బతికారు.

ఇప్పుడు రెండు తీగల పేస్‌మేకర్లు వస్తున్నాయి, ఒకటి కర్ణికలో, ఒకటి జఠరికలో. అమర్చాక డాక్టర్లు కంప్యూటర్‌లో ఏవీ డిలే అనే అంకె పెడతారు. పై తీగకూ కింది తీగకూ మధ్య ఆ యంత్రం ఎన్ని మిల్లీసెకన్లు ఆగాలో చెప్పే అంకె అది.