ఏడో అక్షరం: వాహన ప్రమాదం తర్వాతి వైద్యానికి కోడింగ్

అధ్యక్షుల వారికి, వేదిక మీది పెద్దలకు, ఎదురుగా ఉన్న కోడర్లకు, ఆడిటర్లకు, శిక్షకులకు నమస్కారం. పేరుపేరునా పలకరిస్తే సమయమంతా అక్కడే అయిపోతుంది, కనుక నేరుగా విషయంలోకి వస్తాను. వాహన ప్రమాదంలో దెబ్బలు తగిలినవాళ్లు తర్వాత చేయించుకునే వైద్యానికి అమెరికా క్లెయిముల్లో, అంటే ఇన్సూరెన్స్ వాళ్లకు పంపే బిల్లుల్లో, కోడ్లు ఎలా వేయాలో మాట్లాడమన్నారు. డయాగ్నసిస్ కోడ్లు, సర్జరీ తర్వాతి గ్లోబల్ పీరియడ్ (ఆపరేషన్ ఫీజులోనే ఫాలోఅప్ కూడా కలిసిపోయే రోజులు), క్లెయిమ్ ఫారం అని మూడు భాగాలు అనుకున్నాం. మొదటిదానికే ఎక్కువ సేపు పడుతుంది. పట్టాలి కూడా.

డయాగ్నసిస్‌లకు వాడే కోడ్ల పద్ధతి ఐసీడీ-10-సీఎం అమెరికాలో 2015 అక్టోబరు 1న అమల్లోకి వచ్చింది. ఇన్నేళ్ల తర్వాత కూడా ఫ్లోర్ మీద ఒక మాట వినబడుతూనే ఉంది: "మొదటి విజిట్‌కి ఎ, మిగతా అన్నిటికీ డి." కొత్తగా చేరిన పిల్లలకు ఇదే నూరిపోస్తున్నారు. ఇది తప్పు. గాయం కోడ్ చివర, ఏడో స్థానంలో వచ్చే ఈ అక్షరం విజిట్లను లెక్కపెట్టదు. చికిత్స ఏ దశలో ఉందో చెబుతుంది. గాయాన్ని బాగుచేసే పని ఇంకా జరుగుతుంటే ఎ. ఆ పని పూర్తయి, గాయం మానే దశలో మామూలు సంరక్షణ నడుస్తుంటే డి. గాయం మానిపోయాక దాని వల్ల మిగిలిపోయిన ఇబ్బందికి వైద్యమైతే ఎస్.

ఒక చార్టు చూద్దాం. కారు నడుపుతున్న వ్యక్తిని ఇంకో కారు గుద్దింది, కుడి మణికట్టు దగ్గర ఎముక విరిగింది. ఎమర్జెన్సీలో స్ప్లింట్ కట్టి ఎముకల డాక్టరు దగ్గరికి పంపారు. అక్కడ ఎ. నాలుగో రోజు ఆ డాక్టరు చూసి ఆపరేషన్ చేయాలన్నారు. డాక్టరు మారారు, ఇది రెండో విజిట్, అయినా ఎ. ఆపరేషన్ రోజునా ఎ. తర్వాత కుట్లు విప్పడానికి వస్తే డి. ఇక ఫిజికల్ థెరపీకి వెళ్లాడు. ఆ క్లినిక్‌లో అడుగుపెట్టడం అదే మొదటిసారి, వాళ్ల రికార్డుల్లో కొత్త పేషెంటు. అయినా అక్కడ డి. అంటే మూడో విజిట్‌కి ఎ పడింది, ఒక మొదటి విజిట్‌కి డి పడింది. లెక్కపెట్టుకుంటూ పోయే కోడర్ ఈ చార్టును ఎలా వేస్తాడో మీరే చెప్పండి.

కుట్లు విప్పడం అనగానే చాలామంది చెయ్యి కుట్లు తీయడానికి ఉన్న జెడ్ 48.02 మీదకు పోతుంది. గాయపు కుట్లకు అది వాడకూడదు. ఏడో అక్షరం ఉన్న గాయాలకు ఆఫ్టర్‌కేర్ (చికిత్స తర్వాతి సంరక్షణ) జెడ్ కోడ్లు వేయొద్దని గైడ్‌లైన్స్ సూటిగా చెబుతున్నాయి. గాయం కోడే మళ్లీ వేసి చివర డి పెట్టాలి. ఎముకల ఆఫ్టర్‌కేర్ ఉండే జెడ్ 47 కిందనైతే, మానుతున్న ఫ్రాక్చర్‌కి ఇది కాదని ఎక్స్‌క్లూడ్స్ 1 నోటే (ఈ రెండూ కలిపి వేయొద్దనే సూచన) ఉంది. ఇంత చిన్న విషయం ఎందుకు నొక్కి చెబుతున్నానంటే, జెడ్ కోడ్ వేయగానే ఆ క్లెయిమ్ డయాగ్నసిస్‌లలో గాయం ఆనవాలే పోతుంది. అది కారు ఇన్సూరెన్స్ వాళ్లు కట్టాల్సిన బిల్లని ఆ కోడ్ చూస్తే ఎవరికీ తెలియదు.

మెడ పట్టేయడం చూడండి. వెనక నుంచి గుద్దిన ప్రమాదాల్లో ఎక్కువగా కనబడేది ఎస్ 13.4, మెడ లిగమెంట్ల బెణుకు. నాలుగు స్థానాలే ఉన్నాయి కాబట్టి ఐదు, ఆరు స్థానాల్లో ఎక్స్‌లు నింపి, మానే దశలో అయితే ఏడో స్థానంలో డి పెట్టాలి. ఎక్స్ ఒకటి తగ్గినా కోడ్ చెల్లదు, క్లెయిమ్ గడప దగ్గరే తిరిగొస్తుంది. తిరిగొచ్చేదాంతో పెద్ద నష్టం లేదు, దిద్దుకుంటాం. చెల్లుబాటయ్యే తప్పు కోడే ప్రమాదం, ఎందుకంటే దాన్ని ఏ సాఫ్ట్‌వేరూ ఆపదు.

అసలు కష్టమంతా ఫ్రాక్చర్లలో ఉంది. చాలా ఎముకలకు మామూలుగా మానుతుంటే డి, ఆలస్యంగా మానుతుంటే జి, అతక్కపోతే కె, వంకరగా అతికితే పి. పక్కటెముకలకు, పుర్రెకు పి లేనే లేదు, అందుకే ప్రతిసారీ ట్యాబ్యులర్ లిస్టులో (కోడ్లన్నీ వరసగా ఉండే పుస్తకంలో) ఆ కేటగిరీ మొదట్లో ఉన్న పెట్టె చూడాలి. ముంజేయి, తొడ, మోకాలి కింది ఎముకల దగ్గర జాబితా పొడుగవుతుంది. ఓపెన్ ఫ్రాక్చర్లకు, అంటే చర్మం చీలిన వాటికి, తీవ్రతను టైపులుగా విడదీసే గస్టిలో వర్గీకరణ ప్రకారం అక్షరాలు చీలుతాయి కనుక.

కుడి టిబియా (మోకాలి కింది పెద్ద ఎముక) మధ్య భాగం ముక్కలై, పక్కకు జరిగి, ఎముక బయటపడిన కేసు తీసుకోండి: ఎస్ 82.251. నోట్‌లో టైప్ మూడు-ఎ అని ఉంటే మొదటి దశలో సి. టైప్ రాయకుండా ఓపెన్ అని మాత్రమే రాస్తే బి. ఓపెన్ అనీ రాయకపోతే క్లోజ్డ్ కిందికే పోతుంది, అప్పుడు ఎ. ఆపరేషన్ నోట్‌లో ఒక్క మాట తప్పిపోతే గాయం తీవ్రతే కాగితం మీద తగ్గిపోతుంది. తర్వాతి విజిట్లలో సి అన్నది మామూలుగా మానుతుంటే ఎఫ్, ఆలస్యమైతే జె, అతక్కపోతే ఎన్, వంకరగా అతికితే ఆర్. అతకని ఎముకకు మళ్లీ ఆపరేషన్ చేసినా ఎన్ వేయాలి, సి కాదు. అసలు వైద్యానికే ఆలస్యంగా వచ్చిన పేషెంటైతే మాత్రం మొదటి దశ అక్షరమే వేస్తాం.

అదే కాలిలో వేసిన రాడ్‌కి రెండో నెలలో ఇన్ఫెక్షన్ వచ్చిందనుకోండి. కోడ్ టీ 84.622. దీనికి ఏడో అక్షరం ఎ. ప్రమాదం జరిగి రెండు నెలలైంది కదా అని డి పెడుతున్నారు. కాంప్లికేషన్ కోడ్‌కి ఆ కాంప్లికేషన్ వైద్యాన్నే చూడాలి, మొదటి గాయాన్ని కాదు. కాబట్టి ఒకే క్లెయిమ్‌లో ఇన్ఫెక్షన్‌కి ఎ, ఫ్రాక్చర్‌కి ఎఫ్ పక్కపక్కనే రావచ్చు. అది చూసి తప్పని కొట్టేసే ఆడిటర్లున్నారు. దయచేసి కొట్టేయకండి.

ఏడో అక్షరం ఎస్ విషయానికొస్తే రెండు కోడ్లు కావాలి. ఇప్పటి బాధ ముందు, పాత గాయం ఎస్‌తో తర్వాత. విరిగి మానిన కుడి మోకాలికి ఆ దెబ్బ వల్లే కీళ్ల అరుగుదల వస్తే ఎం 17.31 ముందు, ఆ ఫ్రాక్చర్ కోడ్ ఎస్‌తో వెనక. ఆ రెంటికీ సంబంధం ఉందని డాక్టరు రాయాలి, మనం ఊహించకూడదు.

ప్రమాదం ఎలా జరిగిందో చెప్పే వి కోడ్లను ఫాలోఅప్‌లో వదిలేస్తున్నారు. వైద్యం నడిచినంత కాలం వాటిని వేయవచ్చు. కారు డ్రైవరు ఇంకో కారును గుద్దుకుంటే వి 43.52, పక్కన కూర్చున్నవాళ్లైతే వి 43.62, ఆరో స్థానంలో ఎక్స్, ఏడో అక్షరం ఆ విజిట్‌లో గాయానికి వేసిన దశకు సరిపోవాలి. మొదటి డయాగ్నసిస్‌గా ఎప్పుడూ రాకూడదు. చోటు చెప్పే వై 92, ఏం చేస్తుండగా జరిగిందో చెప్పే వై 93, అప్పుడు ఉద్యోగంలో ఉన్నారో లేదో చెప్పే వై 99 మాత్రం మొదటి ఎన్‌కౌంటర్‌లో ఒక్కసారే. జాతీయ స్థాయిలో ఇవి తప్పనిసరి కావు. రాష్ట్రమో పేయరో (బిల్లు కట్టే సంస్థో) అడిగితే వేయక తప్పదు.

గ్లోబల్ పీరియడ్ గురించి క్లుప్తంగా. టిబియాలో రాడ్ వేసే ఆపరేషన్ కోడ్ 27759కి అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా మెడికేర్ లెక్కలో 90 రోజులు. ముందు రోజు, ఆపరేషన్ రోజు కలిపితే 92. ఆ లోపు అదే సర్జన్ మామూలు ఫాలోఅప్ విజిట్‌కి 99024 కోడ్, దానికి డబ్బులుండవు. ఎక్స్‌రేకి వేరే బిల్లు. ఇన్ఫెక్షన్‌తో తిరిగి ఆపరేషన్ థియేటర్‌కి తీసుకెళ్తే ఆపరేషన్ కోడ్ వెనక తగిలించే మోడిఫయర్ 78, ముందే అనుకున్న రెండో దశ అయితే 58, సంబంధం లేని సర్జరీకి 79. ప్రమాదం ఒక ఊళ్లో జరిగి, ఫాలోఅప్ సొంత ఊళ్లో ఇంకో డాక్టరు చూసే పద్ధతిలో బాధ్యత అప్పగిస్తే ఆపరేషన్ చేసినవారికి 54, తర్వాత చూసినవారికి 55.

ఇక ఫారం. డాక్టర్ల బిల్లులు పంపే కాగితం ఫారం సీఎంఎస్-1500లో 10బీ గడిలో ఆటో యాక్సిడెంట్‌కి అవునని టిక్ చేసి, ప్రమాదం జరిగిన రాష్ట్రం రాయాలి. ఎలక్ట్రానిక్ క్లెయిమ్‌లో ఆటో యాక్సిడెంట్ అని చెప్పే ఎఎ సూచిక, రాష్ట్రం, ఇది ప్రమాదం తేదీ అని చెప్పే 439 క్వాలిఫయర్‌తో ఆ తేదీ ఇవ్వాలి. ఫాలోఅప్ క్లెయిముల్లో ఎక్కువగా ఖాళీగా పోయేది ఆ తేదీయే. విజిట్ తేదీని దాని స్థానంలో కొట్టేసేవాళ్లూ ఉన్నారు. అప్పుడు ఒకే మనిషికి నాలుగు ప్రమాదాలు జరిగినట్టు కనబడుతుంది. హెల్త్ ఇన్సూరెన్స్ వాళ్లు నో-ఫాల్ట్ (తప్పెవరిదైనా కట్టే కారు ఇన్సూరెన్స్) కంపెనీ కట్టాలని 21 కోడ్‌తో తోసేస్తారు, కారు ఇన్సూరెన్స్ వాళ్లు తేదీ కలవలేదంటారు, చివరికి బిల్లు కట్టు విప్పని పేషెంటు ఇంటికి పోతుంది. మనం ఇక్కడ కూర్చుని వదిలేసిన ఒక గడికి అక్కడ ఒక మనిషి ఫోన్ల మీద ఫోన్లు చేసుకుంటాడు.

టీమ్ లీడ్‌లు ఇక్కడ చాలామంది ఉన్నారు, మీకో విన్నపం. గంటకు ఇన్ని చార్టులని టార్గెట్ పెట్టినప్పుడు ఫ్రాక్చర్ ఫాలోఅప్‌లను మామూలు జలుబు చార్టులతో కలిపి లెక్కేయకండి. ఈ చార్టుకు మొదటి ఆపరేషన్ నోట్ తెరవాలి, ఎక్స్‌రే రిపోర్టు చూడాలి. అంత సమయం ఇవ్వకపోతే కోడర్ పోయినసారి కోడ్‌నే కాపీ చేస్తాడు. ఎఫ్ అలా ఎఫ్‌గానే ఆరు నెలలు నడిచిపోతుంది, ఎముక అతకకపోయినా.

కోడర్లారా, సర్జన్ నోట్‌లో మానుతోందో లేదో లేకపోతే ప్రశ్న పంపండి. "నాన్‌యూనియన్ (ఎముక అతకలేదు) అని రాస్తారా?" అని మాత్రం అడగకండి, అది జవాబును చేతిలో పెట్టినట్టు. ఇలా రాయండి: "కుడి టిబియా ఫ్రాక్చర్, ఆపరేషన్ జరిగి 26 వారాలు. ఈ నెల ఎక్స్‌రే రిపోర్టులో ఎముక కలిసిన గుర్తులు లేవని ఉంది. పేషెంటుకు బరువు మోపితే నొప్పి ఉందని మీ నోట్‌లో ఉంది. ఫ్రాక్చర్ ప్రస్తుతం మానుతున్న స్థితి ఏమిటో దయచేసి నమోదు చేయండి." జవాబు వచ్చేదాకా ఆ చార్టును హోల్డ్‌లోనే ఉంచండి.