వింజామర పట్టిన ఎడమ చెయ్యి

సభకు నమస్కారం. వేదిక మీది పెద్దలను పేరుపేరునా తలుచుకోవడం మర్యాద. నాకిచ్చిన సమయం తక్కువ, చెప్పవలసినది గొంతులోనే ఉంది. మన్నించండి.

ఇవాళ నాగయ్యగారి జయంతి. 1904 మార్చి 28న రేపల్లెలో పుట్టిన ఆయన, మన ఊరి నాటకాల్లో పేరు తెచ్చుకుని చిత్తూరు నాగయ్య అయ్యారు. 1946లో వచ్చిన ‘త్యాగయ్య’ సినిమాకు నిర్మాత, దర్శకుడు, కథానాయకుడు ఆయనే. ఆయన మీదే ప్రసంగం రాసుకొచ్చాను. కాగితాలు సంచిలో ఉన్నాయి, అక్కడే ఉండనివ్వండి.

మా మేనమామ కూడా ఈ ఊరి స్టేషనులోనే బండెక్కి, కాట్పాడిలో మారి మద్రాసు చేరారు. ఇరవై ఏళ్లు వేషాలు కట్టారు. భటుడు, ఊరేగింపులో కాగడా పట్టేవాడు, భోజనాల పంక్తిలో నాలుగోవాడు. మాట ఉన్న వేషం ఒక్కసారి దొరికింది, ఎడిటింగులో ఆ మాటా పోయింది. టైటిల్స్‌లో ఆయన పేరు ఏనాడూ పడలేదు.

ఆరేళ్ల క్రితం ఒక టీవీ కార్యక్రమంలో పాత సినిమాల ముక్కలు చూపిస్తున్నారు. చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్న మా అమ్మ చేట పక్కకు జరిపి, “మా అన్న!” అంది. చూస్తే రాజదర్బారు. స్తంభం నీడలో సగం ముఖం. “ముఖమే కనబడడం లేదు కదమ్మా” అన్నాను. “చెయ్యి చూడు” అంది. వింజామరలు వీచే నలుగురిలో ముగ్గురిది కుడిచెయ్యి, ఒకరిది ఎడమచెయ్యి. మామయ్యది ఎడమచేతి వాటం. ఆ చేతి మీదే బడిలో బెత్తం దెబ్బలు తిన్నారట.

ఆ కార్యక్రమం వాళ్లకు ఉత్తరం రాశాను, ఆయన పేరు వేయమని. ఆధారం లేదన్నారు. ఆధారం! అన్న చేతిని చెల్లెలు గుర్తుపడితే అది ఆధారం కాదా? ఈ మాట ఎన్ని సభల్లో అడిగానో! ఇక్కడా అడుగుతున్నాను, ఆధారం కాదా?

మన తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో విడుదలైంది. ఈనాడు దాని కాపీ ఒక్కటి కూడా లేదు. ఆ రోజుల్లో వాడిన నైట్రేటు ఫిల్ము నిప్పంటుకుంటే ఆగదు. కాలిపోయినవి కొన్ని, ఫిల్ములోని వెండి కోసం కరిగించినవి కొన్ని. తర్వాత వచ్చిన ఎసిటేటు ఫిల్ము వేడికి, తేమకు చివికి వెనిగర్ వాసన కొడుతుంది. పూణేలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ 1964లో మొదలయ్యేనాటికే ఎంతో పోయింది. మిగిలిన రీళ్లను కంప్యూటర్లలోకి ఎక్కిస్తున్నారు, గీతలు తుడుస్తున్నారు. చేతులెత్తి మొక్కుతాను. కానీ తుడిచిన బొమ్మలో వెనక వరుసలో నిలబడినది ఎవరో చెప్పగలిగినవాళ్లు మన ఇళ్లలో, మంచాల మీద ఉన్నారు. వాళ్లను అడిగేవారేరి?

ఈ రాత్రే అడగండి. పాత సినిమా పెట్టి, గుంపు కనబడగానే ఆపండి. పేరు, ఊరు, ఏ సినిమాలో ఎన్నో నిమిషమో, చెప్పినది ఎవరో రాయండి. వీలైతే వాళ్ల గొంతు ఫోనులో రికార్డు చేయండి. నేను మా అమ్మ గొంతు రికార్డు చేయలేదు. పోయిన మాఘంలో ఆమె వెళ్లిపోయింది.

ఒక నోటుపుస్తకం తెచ్చాను. మొదటి పేజీలో మామయ్య పేరు ఉంది. మూడో వరుసలోని పెద్దమ్మగారూ, ఇందాకటి నుంచి తల ఊపుతున్నారు, మీ ఇంట్లోనూ ఎవరైనా వేషం కట్టారా? మీరు లేవకండి. పుస్తకం నేనే తెస్తున్నాను.