సెవెన్స్‌లో తొలి ఏడాది: పరుగు ఒక్కటే చాలదు

అందరికీ నమస్కారం. జాతీయ రగ్బీ సెవెన్స్ (జట్టుకు ఏడుగురు ఆడే రగ్బీ) శిబిరానికి తొలిసారి పిలుపు అందుకునే చాలామందికి ఆ పిలుపు తెచ్చిపెట్టేది వాళ్ల పరుగే. ఏడాది తర్వాత కూడా జట్టులో ఉంటారా లేదా అన్నది మాత్రం రెండు విషయాలను బట్టి ఉంటుంది. టాకిల్ చేశాక, అంటే బంతి పట్టిన ప్రత్యర్థిని పడగొట్టాక, ఎంత త్వరగా లేస్తున్నారు? కిక్-ఆఫ్ బంతిని, అంటే ఆట మొదలుపెట్టే కిక్‌తో వచ్చే బంతిని, గెలుస్తున్నారా? ఈ రెంటి గురించే ఎక్కువ చెబుతాను.

ముందు మైదానం లెక్క చూడండి. పదిహేను మంది ఆడే మైదానమే ఇక్కడా, వెడల్పు దాదాపు 70 మీటర్లు. ఒకరు స్వీపర్‌గా, అంటే ఆఖరి కాపలాగా, వెనక ఉంటే వరసలో మిగిలేది ఆరుగురు. ఒక్కొక్కరు కాయాల్సింది 12 మీటర్లకు కాస్త తక్కువ. టాకిల్ చేసినవారు నేల మీదే ఉండిపోతే అది 14 మీటర్లవుతుంది, ఎదుటి జట్టు కాచుకుని ఉండేది ఆ సందు కోసమే. అందుకే పడగొట్టగానే టాకిల్ పూర్తి కాదు, లేచి వరసలో కలిసినప్పుడే పూర్తయినట్టు.

కొత్తవాళ్లు దూరం నుంచే చేతులు చాచి దూకుతారు. అలా కాకుండా పాదం దగ్గరగా వేసి, భుజం ఆనించి, కాళ్లతో నెట్టాలి. తల ప్రత్యర్థి వీపు వైపు ఉండాలి. ముందు వైపుకు పోతే ఆయన మోకాలో తుంటో తగిలేది మీ తలకే. మెడ మీద చేయి పడితే పసుపు కార్డు వస్తుంది, 2 నిమిషాలు బయటే. 14 నిమిషాల ఆటలో అది ఏడో వంతు!

ఇక కిక్-ఆఫ్. సెవెన్స్‌లో ట్రై చేసిన (బంతిని ఎదుటి జట్టు గోల్ గీత దాటించి నేలకు ఆనించిన) జట్టే మళ్లీ కిక్ చేస్తుంది. ఆ బంతినీ మీరే గెలుచుకుంటే, ఎదుటివాళ్లు ఆడే అవకాశం రాకముందే రెండో ట్రై చేయవచ్చు. 7 నిమిషాల సగంలో ఇది రెండుసార్లు జరిగితే కోలుకోవడం చాలా కష్టం. కిక్ 10 మీటర్లు చేరకపోయినా, నేరుగా టచ్‌లోకి (పక్క గీత బయటకు) పోయినా మైదానం మధ్యలో ప్రత్యర్థికి ఫ్రీ కిక్ ఇస్తారు. దీనికి కారణం చాలాసార్లు కిక్కర్ తొందరే. చేతిలోంచి వదిలిన బంతి నేలను తాకి లేచే క్షణంలోనే తన్నాలి (దీన్నే డ్రాప్ కిక్ అంటారు), ఎత్తుగా తన్నాలి. ఎత్తు లేకపోతే వెంటాడేవారు సమయానికి చేరలేరు.

వెంటాడేవారు పక్కకు తిరిగి ఎగరాలి. ఎదురుగా ఎగిరితే చేజారిన బంతి ముందుకు పడి నాక్-ఆన్ అనే తప్పు అవుతుంది. ఒక భుజం ప్రత్యర్థి వైపు ఉంచితే జారినా సొంత జట్టు వైపే పడుతుంది. ఆస్ట్రేలియా క్రీడాకారిణి మ్యాడిసన్ లెవీ ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్ నుంచి వచ్చి 19 ఏళ్లకే టోక్యో ఒలింపిక్స్ ఆడారు, 2024 పారిస్‌లో 14 ట్రైలు చేశారు. ఆమె వదిలి వచ్చిన ఆటలో గాలిలోకి ఎగిరి బంతి పట్టడం ఓనమాలతో సమానం. న్యూజిలాండ్ క్రీడాకారిణి పోర్షియా వుడ్‌మన్ నెట్‌బాల్ నుంచి వచ్చారు, అక్కడా తలపైన బంతి అందుకోవాల్సిందే. వేరే ఆటల నుంచి వచ్చేవారిలో కోచ్‌లు పరుగు ఒక్కటే కొలవడం నా దృష్టిలో పెద్ద పొరపాటు.

అలసిన కాళ్లతో సాధన చేయండి. పారిస్‌లో కాంస్య పోరులో అమెరికా 7-12తో వెనకబడి ఉంది. చివరి క్షణాల్లో అలెక్స్ సెడ్రిక్ దాదాపు మైదానమంతా పరిగెత్తి ట్రై చేశారు, వెంటనే కన్వర్షన్ (ట్రై తర్వాత అదనపు పాయింట్ల కోసం గోల్ స్తంభాల మధ్యకు కొట్టే కిక్) కూడా ఆమే కొట్టారు, 14-12. కన్వర్షన్ ఇక్కడ డ్రాప్ కిక్కే, ఊపిరి తిప్పుకునే వ్యవధి పెద్దగా ఉండదు. శిక్షణలో కిక్‌ల సాధన మొదట్లో తాజాగా ఉన్నప్పుడే పెట్టుకుంటే ఈ పరిస్థితి ఎప్పటికీ అలవాటు కాదు.

ఒకే రోజు రెండు మూడు మ్యాచ్‌లుంటాయి. మ్యాచ్ అయిన తొలి గంటలో శరీర బరువులో కిలోకు 1 నుంచి 1.2 గ్రాముల పిండిపదార్థం తినాలి. 70 కిలోలవారికి 70 నుంచి 84 గ్రాములు. ముందూ వెనకా బరువు చూసుకుని, కిలో తగ్గితే దాదాపు లీటరున్నర నీళ్లు కొంచెం కొంచెంగా తాగాలి. మధ్యలో కూర్చుని చల్లబడిన శరీరంతో ఒక్కసారిగా పూర్తి వేగం అందుకోబోతే హామ్‌స్ట్రింగ్ (తొడ వెనక కండరం) పట్టేస్తుంది. మూడో మ్యాచ్‌కైనా సరే 60, 80, 90 శాతం వేగాలు దాటాకే పూర్తి పరుగు.

ఒక దేశం తరఫున ఆడే అర్హత నియమాలు సంతకానికి ముందే చదవండి. నివాసం ద్వారా అర్హతకు 60 నెలలు కావాలి. ఒక దేశానికి కట్టుబడ్డాక మారాలంటే 3 ఏళ్లు అంతర్జాతీయ ఆటకు దూరంగా ఉండాలి. పైగా కొత్త దేశంలో మీరో, తల్లిదండ్రులో, వారి తల్లిదండ్రులో పుట్టి ఉండాలి.

చివరిగా తల దెబ్బ. మెదడు అదిరిందన్న అనుమానం వస్తే ఆ రోజుకు ఆట ఆపేయాలి, సాయంత్రం ఫైనల్ ఉన్నా సరే. కళ్లు తిరుగుతున్నాయనో, స్కోరు గుర్తు రావడం లేదనో పక్కనున్న ఆటగాడు అంటే, ఆయన వద్దన్నా వైద్యుడికి వెంటనే చెప్పండి.