256 జీబీ కార్డ్ రివ్యూ: నెట్ లేకుండానే స్విచ్ గేమ్‌కి అప్‌డేట్ ఎక్కించొచ్చు!

అందరికీ నమస్కారం. తిరుపతి నుంచి మళ్లీ మీ ముందుకు వచ్చేశాను.

ముందు చెప్పాల్సింది ముందే చెప్పేస్తాను. ఇదిగో, నా చేతిలో ఉన్న ఈ 256 జీబీ మైక్రో ఎస్‌డీ కార్డ్ నేను కొన్నది కాదు. ఇక్కడ మన ఊర్లోనే మొబైల్ సామాన్లు అమ్మే ఒక షాపు వాళ్లు వాడి చూసి చెప్పమని ఊరికే ఇచ్చారు. డబ్బులు తీసుకోలేదు. ఈ వీడియో వాళ్లకి ముందుగా చూపించనూ లేదు. మీరు చూసేటప్పుడే వాళ్లూ చూస్తారు.

రీడ్ స్పీడ్ ఎంత, రైట్ స్పీడ్ ఎంత, ఇవన్నీ మీరు ఈపాటికే వేరే వీడియోల్లో చూసేసి ఉంటారు. నేను ఆ జోలికి పోను. నా నింటెండో స్విచ్‌లో, అంటే చేతిలో పట్టుకుని ఆడుకునే గేమ్ కన్సోల్‌లో వేశాను, రోజూ ఆడుతున్నాను. గేమ్ అప్‌డేట్ వచ్చిన రోజున ఈ కార్డ్ నన్ను ఇబ్బంది పెట్టిందా లేదా, నాకు కావాల్సింది అదొక్కటే. ఎందుకంటే స్విచ్ ఉన్న ఇంట్లో అసలు టెన్షన్ అప్‌డేట్ దగ్గరే మొదలవుతుంది.

ఎందుకో చెప్తాను. 2017 మార్చిలో వచ్చిన మొదటి స్విచ్‌లో ఉన్నది 32 జీబీ. సిస్టమ్‌కి పోగా మన చేతికి మిగిలేది 26 జీబీ కూడా కాదు. 2021లో వచ్చిన ఓలెడ్ మోడల్‌లో 64 జీబీ ఇచ్చారు. క్యాట్రిడ్జ్, అంటే గేమ్ నింపి అమ్మే ఆ చిన్న బిళ్ల కొన్నాం కదా, గేమంతా అందులోనే ఉంది, ఇంక మెమరీతో పనేముంది అని చాలామంది అనుకుంటారు. కానీ ఆ క్యాట్రిడ్జ్‌లోకి కొత్తగా ఏదీ ఎక్కదు. ఫ్యాక్టరీలో ఏది నింపారో అదే ఉంటుంది. తర్వాత వచ్చే ప్రతి అప్‌డేటూ కన్సోల్ మెమరీలోకో, ఈ కార్డ్‌లోకో వచ్చి కూర్చుంటుంది. క్యాట్రిడ్జ్‌లు పెరిగేకొద్దీ ఈ అప్‌డేట్ల బరువూ పెరుగుతుంది.

చిన్నప్పుడు టీవీకి తగిలించుకునే వీడియో గేమ్ గుర్తుందా మీకు? క్యాసెట్ తీసి, ఉఫ్ అని ఊది, మళ్లీ గుచ్చితే ఆట మొదలయ్యేది. అందులో ఏదైనా తప్పుంటే ఆ తప్పుతోనే ఆడేవాళ్లం, సరిచేసే దారి లేదు. ఆ తర్వాత నేను పీఎస్‌పీ వాడాను, సోనీ వాళ్ల చేతి గేమ్ కన్సోల్ అది. గేమ్ డిస్క్‌లోనే సిస్టమ్ అప్‌డేట్ కూడా పెట్టి ఇచ్చేవాళ్లు. డిస్క్ వేయగానే ముందు అప్‌డేట్ చేయమనేది. ఛార్జర్ తగిలించి ఉండాలి, బ్యాటరీలోనూ ఛార్జ్ ఉండాలి. మా వీధిలో కరెంటు పోయిందంటే ఆ పూటకి ఆట లేనట్టే. కానీ ఒక్క మాట ఒప్పుకోవాలి. దానికి నెట్ అక్కర్లేదు. అప్‌డేట్ మన చేతిలో ఉన్న డిస్క్‌లోనే ఉండేది. అది నాకు భలే నచ్చేది.

స్విచ్‌లో నాకు అన్నిటికన్నా నచ్చిన ఫీచర్ కూడా అలాంటిదే. ఈ వీడియోలో ఎక్కువ సేపు దాని గురించే మాట్లాడతాను, కార్డ్ సంగతి చివర్లో చూద్దాం.

స్క్రీన్ మీద చూడండి. గేమ్ ఓపెన్ చేయొద్దు. ఆడుతుంటే క్లోజ్ చేసి హోమ్‌కి వచ్చేయండి. గేమ్ ఐకాన్ మీద ఆగి, కుడి చేతి వైపున్న ప్లస్ బటన్ నొక్కండి. పక్కన ఒక లిస్టు వస్తుంది. అందులో సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ అని ఉంటుంది. అది నొక్కితే రెండు దారులు చూపిస్తుంది. మొదటిది ఇంటర్నెట్ నుంచి, అది అందరికీ తెలిసిందే. రెండోది, ఇదిగో ఇక్కడ, మ్యాచ్ వెర్షన్ విత్ లోకల్ యూజర్స్. దీన్ని ఎవరూ నొక్కరు. స్విచ్ కొన్న కొత్తలో నా ఫ్రెండ్స్‌లో ఎవరిని అడిగినా అదేదో ఆన్‌లైన్ ఆటకి సంబంధించింది అనుకున్నారు.

అది చేసే పని ఇది. పక్కపక్కన రెండు స్విచ్‌లు ఉన్నాయి, రెండింట్లోనూ ఒకే గేమ్ ఉంది, ఒకదాంట్లో కొత్త వెర్షన్, ఇంకోదాంట్లో పాతది. ఒకరు గ్రూప్ పెడతారు, ఇంకొకరు అందులో చేరతారు. కొత్త వెర్షన్ ఉన్న కన్సోల్ నుంచి పాతదానికి అప్‌డేట్ నేరుగా గాల్లోనే వెళ్లిపోతుంది. వైఫై రౌటర్ వద్దు, హాట్‌స్పాట్ వద్దు, సిమ్‌లో డేటా వద్దు. ఒక్కటి గుర్తుంచుకోండి, ఏరోప్లేన్ మోడ్ ఆన్‌లో ఉంటే మాత్రం పని చేయదు, తీసేయండి.

మన దగ్గర దీని విలువేంటో చెప్తాను. చిత్తూరులో మా చిన్నాయన వాళ్లింట్లో ఇద్దరు పిలకాయలు. ఇద్దరి దగ్గరా స్విచ్ ఉంది, ఇద్దరి దగ్గరా మారియో కార్ట్ 8 డీలక్స్ అనే రేసింగ్ గేమ్ ఉంది. ఎండాకాలం సెలవుల్లో అందరం అక్కడ చేరాం. ఆ ఇంట్లో వైఫై లేదు. ఫోన్లలో చూస్తే రోజుకి జీబీన్నర, రెండు జీబీల ప్లాన్లు. అది కూడా మధ్యాహ్నానికే అయిపోయి ఉంటుంది. పెద్దోడి గేమ్‌లో 3.0 వెర్షన్ ఉంది. చిన్నోడిది క్యాట్రిడ్జ్ కొన్నప్పుడు ఎలా ఉందో అలాగే ఉంది. ఇద్దరూ లోకల్ వైర్‌లెస్‌లో కలిసి ఆడదామంటే కుదరదు, వెర్షన్లు కలవాలి. చిన్నోడు ముఖం వేలాడేసుకుని వచ్చాడు. "అన్నా, నన్ను చేర్చుకోవట్లేదన్నా ఇది" అన్నాడు.

ఇద్దరినీ మంచం మీద పక్కపక్కన కూర్చోబెట్టాను. పెద్దోడి చేత గ్రూప్ పెట్టించాను, చిన్నోణ్ణి అందులో చేరమన్నాను. చిన్నోడి స్క్రీన్ మీద గీత నిండుతూ ఉంటే వాడు రెప్ప వేయకుండా చూస్తున్నాడు. "మామిడిపండ్లు కోశాను, తినండి నాయనా" అని మా పిన్నమ్మ పిలిచినా లేవలేదు. అది నిండిపోయింది, గేమ్ తెరిచాడు, లోపలికి చేరిపోయాడు. ఒక్క ఎంబీ డేటా కూడా ఖర్చు కాలేదు.

దీనికి ఇంకో లాభం కూడా ఉంది, చాలామందికి తెలియదు. మారియో కార్ట్‌లో మొదట 48 ట్రాక్‌లు ఉండేవి. 2022 మార్చి నుంచి 2023 నవంబర్ దాకా ఆరు విడతల్లో ఇంకో 48 ట్రాక్‌లు ఇచ్చారు. అవి కావాలంటే బూస్టర్ కోర్స్ పాస్ అని డబ్బులు పెట్టి కొనాలి. కానీ లోకల్‌గా కలిసి ఆడేటప్పుడు ఆట పెట్టినవాళ్ల దగ్గర ఆ పాస్ ఉంటే చాలు, మిగతావాళ్లు కొనకపోయినా ఆ ట్రాక్‌ల మీద ఆడొచ్చు. అందరి దగ్గరా కొత్త వెర్షన్ మాత్రం ఉండాలి. అంటే ఒక ఇంట్లో ఒక్క పాస్, ఒక్కసారి డౌన్‌లోడ్, ఆ తర్వాత మ్యాచ్ వెర్షన్. పిల్లలందరూ 96 ట్రాక్‌లూ ఆడేస్తారు. ఒకటే గుర్తుంచుకోండి, అప్‌డేట్ మాత్రమే అవతలికి వెళ్తుంది. మీరు కొన్న పాస్ వెళ్లదు. వాళ్లు ఒంటరిగా ఆడుకుంటే మళ్లీ 48 ట్రాక్‌లే.

తిరుపతి నుంచి చిత్తూరు వెళ్లే రైల్లో కూడా నేను ఇదే పని చేశాను. చంద్రగిరి దాటి పాకాల వైపు వెళ్లేటప్పుడు ఫోన్ సిగ్నల్ వస్తూ పోతూ ఉంటుంది. హాట్‌స్పాట్ నమ్ముకుంటే కదలదు. ఎదురు సీట్లో నా ఫ్రెండ్ కూర్చున్నాడు, సిగ్నల్‌తో పనే లేకుండా వాడి గేమ్ అప్‌డేట్ చేసేశాం. ఇంత మంచి ఫీచర్‌ని లిస్టులో రెండో లైన్‌గా పెట్టి వదిలేయడం నాకు నచ్చదు. పెట్టె మీద పెద్దక్షరాలతో రాయాల్సిన విషయం ఇది.

సరే, నచ్చింది చెప్పాను. ఇప్పుడు కోపం తెప్పించేది చెప్తాను.

పెట్టె మీద మూలలో చిన్న అక్షరాలతో "డౌన్‌లోడ్ తప్పనిసరి" అని రాసి అమ్మే గేమ్‌లు ఉంటాయి. క్యాట్రిడ్జ్‌లో సగం ఆటే ఉంటుంది, మిగతాది నెట్ నుంచి దించుకోవాలి. స్విచ్ తర్వాత వచ్చిన కొత్త కన్సోల్ స్విచ్ 2కి అమ్మే గేమ్ కీ కార్డ్‌లలో అయితే ఆటే ఉండదు, తాళం చెవి మాత్రమే ఉంటుంది. దుకాణంలో నిలబడి, పూర్తి డబ్బులు ఇచ్చి, ఇంటికి తెచ్చి, క్యాట్రిడ్జ్ పెట్టాక పిల్లాడు గంటల తరబడి ఎదురుచూడాలా? రోజుకి రెండు జీబీల డేటాతో బతికే ఇంట్లో అది ఎన్ని రోజుల పని? అప్‌డేట్ అంటే తప్పులు సరిదిద్దేది, కొత్తవి చేర్చేది. ఉదాహరణకి యానిమల్ క్రాసింగ్ అనే గేమ్‌కి 2021 నవంబర్‌లో 2.0 అప్‌డేట్ ఇచ్చారు. కాఫీ షాపు వచ్చింది, పడవ ప్రయాణాలు వచ్చాయి, అన్నీ ఉచితమే. స్టార్డ్యూ వ్యాలీకి 1.6 అప్‌డేట్ 2024 మార్చిలో ముందు కంప్యూటర్లకి వచ్చింది, స్విచ్‌కి అదే ఏడాది నవంబర్‌లో వచ్చింది. ఎనిమిది నెలలు ఎదురుచూశాం, ఉచితంగానే ఇచ్చారు, సంతోషంగా ఆడాం. అది అప్‌డేట్ అంటే. సగం ఆట అమ్మి, మిగతా సగాన్ని డౌన్‌లోడ్ పేరుతో మన డేటా మీదకి తోసేయడం వేరు. ఆ పెట్టె కొనే ముందు అన్ని వైపులా తిప్పి చదవండి. దయచేసి చదవండి.

డేటా ప్లాన్ మీద నడిపేవాళ్లు ఇంకో పని చేయండి. సిస్టమ్ సెట్టింగ్స్‌లో సిస్టమ్ అనే చోట ఆటో అప్‌డేట్ సాఫ్ట్‌వేర్ ఉంటుంది. దాన్ని ఆపేయండి. లేకపోతే మీరు వేరే పనికని హాట్‌స్పాట్ ఇచ్చినప్పుడు వెనకాల ఏదో ఒక గేమ్ అప్‌డేట్ మొదలుపెట్టేస్తుంది. ఇంట్లో వైఫై ఉన్నవాళ్లు మాత్రం ఆన్‌లోనే ఉంచండి. రాత్రి ఛార్జింగ్ పెట్టి, స్లీప్‌లో వదిలేస్తే తెల్లారేసరికి అయిపోయి ఉంటుంది. మధ్యలో నెట్ పోయినా భయం లేదు, ఆగిన చోటి నుంచే మళ్లీ మొదలవుతుంది. డౌన్‌లోడ్ నడుస్తుండగా ఆన్‌లైన్ గేమ్ ఆడితే మాత్రం అది ఆగిపోతుంది, కంగారు పడొద్దు.

ఇప్పుడు కార్డ్. నిజాయితీగా చెప్తున్నాను, బాగుంది. నా గేమ్‌ల అప్‌డేట్లన్నీ దీంట్లోకే వస్తున్నాయి. స్థలం చాలడం లేదు, ఏదైనా డిలీట్ చేయమనే మెసేజ్ ఇప్పుడు నాకు రావడం లేదు. ఓపెనింగ్‌లో ఎక్కడా నత్తనడక కనిపించలేదు. ఇచ్చిన షాపు వాళ్ల మొహమాటం కోసం కాదు, నా డబ్బులతో కొనాల్సి వచ్చినా కొంటాను. మొదటి స్విచ్, స్విచ్ లైట్, స్విచ్ ఓలెడ్, ఈ మూడింటికీ పనికొస్తుంది. మీరు ఆడిన ఆట సేవ్ డేటా మాత్రం కార్డ్‌లోకి రాదు, అది ఎప్పుడూ కన్సోల్ సొంత మెమరీలోనే ఉంటుంది. కాబట్టి కార్డ్ పాడైనా మీ ఆట ఎక్కడిది అక్కడే ఉంటుంది, గేమ్‌ని మళ్లీ దించుకుంటే సరిపోతుంది.

స్విచ్ 2 వాళ్లు దీన్ని కొనకండి. దానికి మైక్రో ఎస్‌డీ ఎక్స్‌ప్రెస్ అనే వేరే రకం కార్డే కావాలి. మామూలు కార్డ్ వేస్తే ఫొటోలు, వీడియోలు చూసుకోవడానికి తప్ప గేమ్‌లకి పనికిరాదు.

ఇంకోటి, రోడ్డు పక్కన సగం ధరకి దొరికే కార్డ్‌ల జోలికి వెళ్లకండి. పైన 256 అని రాసి ఉంటుంది, లోపల ఎంత ఉందో దేవుడికెరుక. కొన్న వెంటనే కంప్యూటర్‌కి పెట్టి హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో పరీక్షించండి. కార్డ్ నిండా రాసి, మళ్లీ చదివి, అసలు సైజు ఎంతో చెప్పేస్తుంది. ఈ కార్డ్‌ని కూడా నేను అలాగే పరీక్షించాకే స్విచ్‌లో పెట్టాను. సైజులో మోసం ఏమీ లేదు, ఆ రిజల్ట్ ఇదిగో, స్క్రీన్ మీద పెడుతున్నాను.

ఎక్స్‌ప్రెస్ కార్డ్ ఒకటి ఆర్డర్ పెట్టాను, అది నా డబ్బులతోనే. వచ్చాక స్విచ్ 2లో దాని సంగతి చూద్దాం. ఈలోపు మీ ఇంట్లో రెండు స్విచ్‌లు ఉంటే మ్యాచ్ వెర్షన్ ఒకసారి చేసి చూడండి. ఎక్కడైనా ఆగిపోతే ఏ గేమో, ఏ వెర్షనో కింద రాయండి, నేను చూసి చెప్తాను.