పంటు, పుట్టి, కేవు

శ్రోతలకు నమస్కారం.

నరసాపురంలో వశిష్ఠ గోదావరి రేవు దగ్గర నిలబడితే అవతల సఖినేటిపల్లి కనిపిస్తుంది. మనుషుల్నీ మోటారు సైకిళ్లనూ కార్లనూ ఆ గట్టుకు చేర్చేదాన్ని అక్కడ పంటు అంటారు. ఇంగ్లీషు 'పంట్' మన నోట పంటు అయింది. అడుగు చదునుగా ఉండి, తక్కువ నీళ్లలో కూడా నడిచే పడవకు ఆ పేరు. దాని వెనక లాటిన్ 'పోంటో' ఉంది. గాల్ దేశపు, అంటే నేటి ఫ్రాన్స్ ప్రాంతపు ఒక రకం ఓడలను రోమన్ సేనాని సీజర్ ఆ పేరుతోనే చెప్పాడు. ఆ 'పోంటో'కు మూలం 'పోన్స్', అంటే వంతెన. తేలే వంతెనను మోసే పడవకు పేరైన పాంటూన్ అన్న మాటా ఆ ఇంటిదే. వంతెన లేనిచోట నడిచే పంటుకు పేరులో మాత్రం వంతెన ఉందన్నమాట.

పంటు ఎక్కించడంలో ఓ పద్ధతి ఉంటుంది. ముక్కు గట్టుకు ఆనించి, మోకులు బిగించి, ఇనుప పలక దించాకే బండ్లు కదలాలి. బరువు బండి పలక మీదికి రాగానే ఆ కొస నీళ్లలోకి దిగి, రెండో కొస పైకి లేస్తుంది. మోకు వదులుగా ఉంటే, చక్రాలు తోసే తోపుకు పంటు గట్టు నుంచి వెనక్కి జారుతుంది. ముందు చక్రాలు పలక మీద, వెనక చక్రాలు గట్టు మీద ఉన్నప్పుడు అది జరిగితే బండి నీళ్లపాలే. అందుకే ముందు బరువు బండి నడిమధ్యకు చేరాలి, తరవాతే మోటారు సైకిళ్లు పక్కలకు. బరువంతా ఒక పక్కకు చేరితే పంటు ఒరుగుతుంది. సముద్రం దగ్గర కాబట్టి ఆటుపోట్లు కూడా చూసుకోవాలి. పోటు మీద పలక దాదాపు సమంగా ఉంటుంది, ఆటులో నీరు దిగిపోయి బురద బయటపడితే ఏటవాలు పెరుగుతుంది.

కృష్ణ మీదికి వస్తే పేరు మారుతుంది. ముక్త్యాల, మాదిపాడు మధ్య నడిచేది బల్లకట్టు. రెండు పడవలను పక్కపక్కన పెట్టి, పైన బల్లలు పరిచి కట్టేస్తే బల్లకట్టు. ఎలా తయారవుతుందో పేరే చెప్పేస్తుంది. ఇంగ్లీషులో రెండు పొట్టల ఓడను కాటమరాన్ అంటారు కదా, అది తమిళ 'కట్టుమరం'. కానీ కట్టుమరం అంటే దుంగలను పక్కపక్కన చేర్చి కట్టినది, మన తెప్ప లాంటిది. దానికి విడిగా రెండు పొట్టలేమీ ఉండవు. నిజానికి నేటి కాటమరాన్‌కు కట్టుమరం కంటే మన బల్లకట్టే దగ్గరి చుట్టం. పేరు మాత్రం తమిళులకు దక్కింది!

ఇంకా పైకి, నారాయణపేట జిల్లా పంచదేవ్‌పహాడ్ దగ్గరికి వెళితే కృష్ణ మధ్యలో కురువపురం దీవి ఉంటుంది. శ్రీపాద శ్రీవల్లభుల దర్శనానికి భక్తులు పుట్టిలో దాటుతారు. మనకు పుట్టి అంటే ధాన్యం కొలత కూడా, ఇరవై తూములు. కన్నడంలో పుట్టి అంటే బుట్ట. పడవ పుట్టి కూడా వెదురు బద్దలతో అల్లిన పెద్ద బుట్టే. పూర్వం బయట తోలు కప్పేవారు. ఇప్పుడు ప్లాస్టిక్ పట్టా వేసి తారు పూస్తారు. తారు పగిలిందంటే నీరు ఊరుతుంది. 1520 ప్రాంతంలో విజయనగరం చూసిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పేస్, గుండ్రటి బుట్టల్లాంటి పడవల్లో పదిహేను ఇరవై మంది ఏరు దాటుతారనీ, అవి తిన్నగా పోకుండా ఎప్పుడూ గిరగిరా తిరుగుతుంటాయనీ రాశాడు. ఆ తిరగడానికి కారణం ఉంది. పుట్టికి ముక్కూ తోకా లేవు, అడుగున నీటిని కోసే అంచూ లేదు. పక్కన తెడ్డు వేస్తే ముందుకు పోయేది కొంచెం, తిరిగేది ఎక్కువ. అందుకే నడిపేవాడు వెళ్లే దిక్కు అంచున ఉండి, తెడ్డును ఎదుట ముంచి తన వైపు లాక్కుంటాడు. ఎక్కినవాళ్లు చుట్టూ సమంగా అడుగున కూర్చోవాలి. ఒక్కరు లేచి అంచు మీద వాలినా నీరు లోపలికి వస్తుంది.

పడవ, ఓడ, తెప్ప, గెడ, తెడ్డు, మోకు అన్నీ దేశి మాటలే. పడవకు తమిళంలో పడగు, కన్నడంలో పడగు తోబుట్టువులు. తెరచాప అన్న మాటలో చాప ఇంకా పరిచే ఉంది. నడిపేవాళ్ల దగ్గరికి వస్తే మాత్రం సముద్రం అవతలి గాలి తగులుతుంది. లాంచీ నడిపే సరంగు పారశీకంలో 'సర్‌హంగ్', అంటే దళనాయకుడు. లంగరూ పారశీకమే. కళాసీ అరబ్బీ. చుక్కాని అరబ్బీ 'సుక్కాన్' నుంచి వచ్చింది. అదే మాట పారశీకం మీదుగా ఇంగ్లీషు నావికుల నోటికి చేరి 'సీకన్నీ' అయింది, చుక్కాని పట్టేవాడని అర్థం. లాంచీకి మూలం మలయ్ భాషలో చురుకైనదనే అర్థమున్న 'లంచార్' అనీ, పోర్చుగీసు వాళ్ల ద్వారా యూరప్ చేరిందనీ పండితుల అంచనా. 1974లో రోడ్డు కం రైలు వంతెన వచ్చేదాకా రాజమండ్రి, కొవ్వూరు మధ్య రోడ్డు ప్రయాణికులకు ఆ లాంచీయే దిక్కు.

సంస్కృతం దాటడాన్ని 'తౄ' అన్న ధాతువుతో చెప్పింది. దాటించేది తరణి, దాటే చోటు తీర్థం. పదో తరగతి ఉత్తీర్ణుడైన కుర్రాడు అసలు అర్థంలో ఏరు దాటి గట్టెక్కినవాడు. మన గట్టెక్కడం కూడా అక్షరాలా అదే. ఇక పారం అంటే ఆవలి ఒడ్డు. అక్కడికి చేరినవాడు పారంగతుడు, ఆ ఒడ్డే లేనిది అపారం. దీని మూలధాతువుకు యూరప్‌లోనూ సంతానం ఉంది. ఇంగ్లీషు ఫెర్రీ, ప్రయాణానికి కట్టే ఫేర్, కాలినడకన ఏరు దాటే ఫోర్డ్, లాటిన్ నుంచి వచ్చిన పోర్ట్, అన్నీ దాని పిల్లలే. గ్రీకులో దాటే చోటు 'పోరోస్'. ఇస్తాంబుల్ దగ్గరి జలసంధి బాస్ఫరస్ అంటే ఆవు దాటిన రేవు. ఆక్స్‌ఫర్డ్ అన్నా ఎడ్లు దాటిన రేవే!

మన రేవును పాత తెలుగులో బండి ఱతో ఱేవు అని రాసేవారు. తమిళంలో దిగడాన్ని 'ఇఱంగు' అంటారు. ఈ రెండింటికీ వేరు ఒకటే, కాబట్టి నీళ్లలోకి దిగే చోటు రేవు. ఏటిలోకి దిగేదీ, బట్టలుతికేదీ, ఓడ ఆగేదీ అన్నీ రేవులే కావడానికి కారణం అదే. కోనసీమలో ఓడలరేవు, అనకాపల్లి జిల్లాలో రేవుపోలవరం ఆ మాటను ఊరి పేర్లలో దాచుకున్నాయి.

దాటించినందుకు ఇచ్చే డబ్బుకు తెలుగులో చక్కటి చిన్న మాట ఉంది, కేవు. బ్రౌణ్య నిఘంటువులో దొరుకుతుంది. అమరకోశంలో అయితే 'ఆతరస్తరపణ్యం స్యాత్' అని, అంటే ఆతరం, తరపణ్యం అని రెండు పేర్లున్నాయి. ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య, దాటాక బోడి మల్లయ్య అన్న సామెత పుట్టింది కేవు ఎగ్గొట్టేవాళ్ల మీదేమో అనిపిస్తుంది. దాటకముందే వసూలు చేస్తే ఆ తగువు ఉండదు. ఇప్పుడు రేవులో కేవు ఎంత అని అడిగితే మొహం చూస్తారు, ఛార్జీ ఎంత అనాలి. ఆ ఛార్జీ మూలం లాటిన్‌లో బండికి బరువెక్కించడం. నీళ్ల మీద పోతూ కట్టేది బండి మాటతోనే.

నమస్కారం.